పులుపు పడేదెప్పుడు? స్లో కుక్కర్లో గుమ్మడి, మామిడి

తిరుపతిలో ఇల్లుంటే చుట్టాలకు కొదవుండదు. తెల్లవారుజామున రైలు దిగి, స్నానాలు చేసి, కాఫీ తాగి కొండెక్కేస్తారు. "మధ్యాహ్నం భోజనానికి వచ్చేస్తాం వదినా" అని వెళ్ళినవాళ్ళు ఏ రాత్రికో దిగుతారు. సర్వదర్శనం క్యూలో ఒక రోజు ఆరు గంటలు పడితే ఇంకో రోజు ఇరవై పడుతుంది. ఫోన్లు లోపలికి తీసుకుపోనివ్వరు కాబట్టి ఎక్కడున్నారో కనుక్కునే దారి కూడా ఉండదు. అన్నం ఇరవై నిమిషాల పని. సంగటి గెలకడానికి అరగంట చాలు. పులుసు సంగతే తేలదు. ముందే చేసి పెడితే చల్లారిపోతుంది, రెండు మూడుసార్లు వేడి చేస్తే ముక్కలన్నీ చిదికి అడుగున ముద్ద మిగులుతుంది.

కరెంటు మీద సన్నటి వేడితో గంటల తరబడి వండే స్లో కుక్కర్‌కు మన ఇళ్ళలో ఏదైనా పని ఉందంటే అది ఇలాంటి రోజునే. గుమ్మడికాయ ఉడకడానికి ఆ కుక్కర్ అవసరం లేదని ముందే ఒప్పుకోవాలి. స్టవ్ మీద మూత పెడితే పావుగంట, ఇరవై నిమిషాల్లో మెత్తబడే కాయ అది. ప్రెషర్ కుక్కర్లో ఒక్క విజిల్ ఎక్కువైతే గరిటెకు అందదు. అంత సుళువుగా ఉడికే కాయను గంటల తరబడి గిన్నెలో ఉంచడంలో లాభం ఒకటే: తినేవాళ్ళు ఎప్పుడొచ్చినా ముక్క ముక్కలాగే, వేడిగా దొరకడం. ఆ లాభం దక్కాలంటే గుమ్మడికీ దానితో కలిసే పండుకీ మధ్య జరిగే వ్యవహారం కాస్త తెలియాలి.

అమెరికాలో చలికాలం వస్తే తియ్య గుమ్మడి జాతి కాయలను యాపిల్ ముక్కలు, ఎండుద్రాక్ష, దాల్చినచెక్కతో కలిపి స్లో కుక్కర్లో పెట్టడం మామూలు. అన్నీ ఒకేసారి వేసి, మూత పెట్టి, ఆఫీసుకు వెళ్ళిపోతారు. వాళ్ళ యాపిల్‌లో పులుపు కొద్దిగానే ఉంటుంది, వేసేది కూడా తక్కువే, కాబట్టి వంట గట్టెక్కుతుంది. అదే పద్ధతిలో ఇక్కడి గుమ్మడిని పుల్లటి మామిడితో, నిమ్మకాయంత చింతపండుతో, బెల్లంతో కలిపి పెట్టేస్తే మూత తీసినప్పుడు కథ వేరుగా ఉంటుంది. నాలుగు గంటలకు మామిడి కరిగి గుజ్జయిపోతుంది. గుమ్మడి ముక్క పైకి మాగినట్టే కనిపిస్తుంది గానీ కొరికితే మధ్యలో పలుకు తగులుతుంది. ఇంకో గంట ఉంచినా పెద్దగా మారదు. కుక్కర్ పాడైందని, లేదా కాయ మంచిది కాదని అనుకుంటారు. అసలు కారణం దప్పళం చేసేటప్పుడు పెద్దవాళ్ళు చెప్పే పాత మాటలోనే ఉంది: పులుపు పడితే ముక్క ఉడకదు.

ఈ మాటను వంటింటి చాదస్తం అనుకోనక్కర్లేదు. కాయగూరల్లో ఒక కణాన్ని ఇంకో కణానికి అంటించి పట్టుకునే జిగురు పదార్థం పెక్టిన్. ముక్క ఉడకడం అంటే చాలావరకు ఈ పెక్టిన్ విడిపోవడమే. దాదాపు 85 డిగ్రీల సెల్సియస్ దాటాక అది జోరుగా విడిపోతుంది. అయితే ఎంత వేగంగా విడిపోతుందన్నది చుట్టూ ఉన్న నీళ్ళ పులుపు మీద ఆధారపడి ఉంటుంది. పులుపు లేని నీళ్ళలో త్వరగా విడిపోతుంది. వంటసోడా చిటికెడు పడితే ఇంకా త్వరగా, కొన్నిసార్లు మరీ త్వరగా. పులుపు చేరి పీహెచ్ (పులుపును కొలిచే అంకె, పులుపు పెరిగేకొద్దీ తగ్గుతుంది) 4 దగ్గరకు వచ్చేసరికి పెక్టిన్ మొండికేస్తుంది. పండిన మామిడి రసం పీహెచ్ అటూఇటూగా ఆ ప్రాంతంలోనే ఉంటుంది. స్టవ్ మీద నీళ్ళు తెర్లుతుంటాయి కాబట్టి మొండి ముక్క కూడా ఎలాగో లొంగుతుంది. స్లో కుక్కర్‌కు ఆ బలం లేదు.

ఆ బలం ఎందుకు లేదో తెలియాలంటే కుక్కర్‌ను చూడాలి. బయట లోహపు తొడుగు, దాని గోడల్లో సన్నటి కాయిల్, లోపల మందపాటి పింగాణీ గిన్నె, పైన గాజు మూత. మూడు నాలుగు లీటర్ల కుక్కర్ తీసుకునే కరెంటు 200 వాట్ల చుట్టుపక్కల ఉంటుంది, ఇస్త్రీపెట్టెతో పోలిస్తే ఐదో వంతు. 200 వాట్లంటే ఐదు గంటలకు ఒక యూనిట్. వండడానికి లో, హై అని రెండు మీటలుంటాయి. లో అంటే తక్కువ వేడి అనుకుంటారు. చాలా కుక్కర్లలో చివరికి రెండూ చేరేది ఒకే చోటికి, నీళ్ళు మరిగే హద్దుకు కాస్త కిందికి. తేడా అంతా అక్కడికి చేరే సమయంలోనే. హైలో మూడు నాలుగు గంటల్లో చేరే వేడికి, లోలో ఏడెనిమిది గంటలు పడుతుంది.

ఈ నెమ్మదిలోనే ఇంకో చిక్కు దాగుంది. కాయగూరల్లో పెక్టిన్‌ను మార్చే ఒక ఎంజైమ్ ఉంటుంది. 50 నుంచి 65 డిగ్రీల మధ్య అది బాగా పనిచేస్తుంది, 80 దాటితే చచ్చిపోతుంది. అది చేసే పని వల్ల పెక్టిన్ గొలుసులకు కాల్షియం అతుక్కోవడానికి చోట్లు ఏర్పడతాయి, గొలుసులు ఒకదానికొకటి ముడిపడి ముక్క గట్టిబడుతుంది. ఒకసారి అలా బిగిసిన ముక్క తర్వాత ఎంత వేడి పెట్టినా తొందరగా మెత్తబడదు. స్టవ్ మీద గిన్నె ఈ 50, 65 డిగ్రీల మెట్టును రెండు మూడు నిమిషాల్లో దాటేస్తుంది. లోలో పెట్టిన స్లో కుక్కర్ అదే మెట్టు మీద గంటకు పైగా కూర్చుంటుంది. చన్నీళ్ళు పోసి, ఫ్రిజ్‌లోంచి తీసిన ముక్కలు వేస్తే ఇంకాసేపు.

కాల్షియం ఎక్కడి నుంచి వస్తుందంటారా? బోరు నీళ్ళలో కావలసినంత. బోరు నీళ్ళలో కందిపప్పు ఉడకదని, మంచినీళ్ళ క్యాన్ తెప్పించి పప్పుకు మాత్రం ఆ నీళ్ళు పోసే ఇళ్ళు తిరుపతిలో బోలెడు. బెల్లంలో కూడా కాల్షియం ఉంటుంది. చెరకు రసం కాచేటప్పుడు మడ్డి తేరడానికి సున్నం వేస్తారు, ఆ సున్నం జాడ బెల్లంలో మిగులుతుంది. చక్కెర పాకానికి కూడా ముక్కను బిగించే గుణం ఉంది. ఈ రెండింటినీ కావాలని వాడుకునే మిఠాయి ఆగ్రా పేఠా. బూడిద గుమ్మడి ముక్కలను ముందు సున్నపు తేటలో నానబెట్టి, ఆ తర్వాత పాకంలో ఉడికిస్తారు. అంతసేపు ఉడికినా ముక్క అంచులు కత్తితో కోసినట్టు నిలబడి ఉంటాయి. స్లో కుక్కర్లో గుమ్మడి ముక్క మీద బెల్లం, చింతపండు, బోరు నీళ్ళు ఒకేసారి పోసి లోలో పెట్టడమంటే, తెలియకుండా పేఠాకు ఏర్పాట్లు చేయడమే.

ఇదంతా పండుతో గుమ్మడి పొసగదనే అర్థంలో చెప్పడం లేదు. నిజానికి గుమ్మడికి పండు కావాలి. గుమ్మడిలో తీపి ఉంది, రంగు ఉంది, పులుపు దాదాపు లేదు, వాసన కూడా మందకొడి. ఒట్టి గుమ్మడి నాలుగు ముద్దలకే మొహం మొత్తుతుంది. అందుకే లోకంలో ఎక్కడ చూసినా దాని పక్కన ఏదో ఒక పుల్లటిది ఉంటుంది. మన పులుసులో చింతపండు, అమెరికావాళ్ళకు యాపిల్. కావలసింది వరస. పులుపు తగలకముందే ముక్క ఉడకాలి, ఉడికిన వెంటనే పులుపు పడాలి.

ఈ రెండో సగం గురించి జనం అంతగా మాట్లాడుకోరు గానీ, కొండకెళ్ళిన చుట్టాల కోసం ఎదురుచూసే ఇంటికి అసలు ఉపయోగం అందులోనే ఉంది. పచ్చి ముక్కను ఉడకనివ్వని పులుపే, ఉడికిన ముక్కను చిదకనివ్వదు. సరిగ్గా చాకు దిగే దశలో మామిడి రసం గిన్నెలో కలిస్తే పెక్టిన్ విడిపోవడం బాగా మందగిస్తుంది. ముక్క ఆ దశలోనే ఆగినట్టవుతుంది. పులుపు వేయని గుమ్మడి కూరను రెండు గంటలు వేడిగా ఉంచితే గరిటె పెట్టగానే గుజ్జవుతుంది. పులుపు కలిసింది అదే రెండు గంటల తర్వాత కూడా ముక్కలుగానే గరిటెలోకి వస్తుంది. నమ్మకం కుదరకపోతే ఒకే చెక్క నుంచి సమానంగా నాలుగు ముక్కలు కోసి, రెండు ఒట్టి నీళ్ళలో, రెండు చింతపండు నీళ్ళలో చిన్న మంట మీద పెట్టి చూడొచ్చు. పదిహేను నిమిషాలకు పుల్లను గుచ్చితే తేడా చేతికే తెలుస్తుంది.

కాయ ఎంపిక కుక్కర్ కంటే ముఖ్యం. గుమ్మడి అనగానే మనకు రెండు కాయలు గుర్తొస్తాయి. ఒకటి బూడిద గుమ్మడి, వడియాలకు, దిష్టికి వాడేది. ఇంకోటి తియ్య గుమ్మడి, మంచి గుమ్మడి, ఎర్ర గుమ్మడి అని రకరకాలుగా పిలుచుకునేది, ఈ పులుసుకు కావలసింది. "గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకున్నట్టు" అన్న సామెతలోని కాయ మొదటిదే అయ్యుండాలి. భుజానికి తెల్లటి బూడిద అంటేది దానికే. తియ్య గుమ్మడి మోసుకుపోయిన దొంగ తడుముకోవాల్సిన పని లేదు. వృక్షశాస్త్రం ప్రకారం కూడా ఇవి దూరపు చుట్టాలే. తియ్య గుమ్మడి కుకుర్బిటా జాతిది, పుట్టింది అమెరికా ఖండాల్లో. మెక్సికోలోని ఒక గుహలో దొరికిన గింజలను బట్టి పదివేల ఏళ్ళ కిందటే అక్కడివాళ్ళు ఈ జాతిని సాగు చేశారని తేలింది. మనకు వచ్చింది సముద్రం మీద, పోర్చుగీసువాళ్ళు వచ్చిన తర్వాతే. చిత్తూరు సరిహద్దు దాటితే తమిళంలో దీన్ని పరంగిక్కాయ్ అంటారు. పరంగి అంటే పరదేశి. పేరులోనే పుట్టిల్లు మిగిలిపోయింది.

ఇంగ్లీషులో ఈ జాతిని చలికాలపు కాయలంటారు. చలికాలంలో కాస్తాయని ఆ పేరు రాలేదు. ఎండాకాలంలో పండి, గట్టి తొక్కతో చలికాలమంతా నిలవుంటాయి కాబట్టి అలా పిలుస్తారు. మన ఊళ్ళలో సంక్రాంతికి గుమ్మడి పులుసు తప్పనిసరి. కోసిన కాయను అటక మీదో, ఉట్టిలోనో నిలవ పెట్టుకునే అలవాటు కూడా ఉంది. ఆ నిలవ ఒట్టి దాపు కాదు. కోసిన కొత్తలో కాయ నిండా పిండిపదార్థం ఉంటుంది. నెల, నెలన్నర గాలి తగిలే నీడలో ఉంటే ఆ పిండి మెల్లగా చక్కెరగా మారుతుంది, రంగు కూడా ముదురుతుంది. కొత్త కాయతో, నిలవ కాయతో ఒకే వంట చేస్తే రెండోదానికి బెల్లం సగం చాలు. తిరుపతి ఎండల్లో మాత్రం ఏప్రిల్ దాటాక ఎక్కువ కాలం నిలవ పెట్టడం కష్టం, తొడిమ దగ్గర మెత్తబడి కుళ్ళు మొదలవుతుంది.

బజారులో చాలామంది చేసే పొరపాటు, ముందే కోసి ప్లాస్టిక్ చుట్టిన చెక్కను రంగు చూసి తీసుకోవడం. రంగు బాగుంటుంది గానీ కోసి ఎన్నాళ్ళయిందో తెలియదు. గింజల దగ్గరి పీచు జారిపోతూ, తడిగా మెరుస్తుంటే అది పాత కోత. బండి దగ్గర నిలబడి "కాయ కోసి ఒక చెక్క ఇవ్వన్నా" అంటే కాదనేవాళ్ళు తక్కువ. కోసేటప్పుడు కత్తి ఎలా దిగుతుందో చూడాలి. ముదిరిన కాయ అయితే కత్తి మొదట ఆగుతుంది, తర్వాత ఒక్కసారిగా చిట్లినట్టు విచ్చుకుంటుంది. తొక్క మీద గోరు దిగకూడదు. తొడిమ ఎండి బెరడులా ఉండాలి. లోపలి కండ మందంగా, గింజలు ఉబ్బుగా ఉంటే ఆ కాయ పాదున బాగా పండినట్టే. పెద్ద కాయ ఎందుకనుకుంటే చిన్న రకాలున్నాయి. బెంగుళూరులోని భారతీయ ఉద్యాన పరిశోధనా సంస్థ విడుదల చేసిన అర్క సూర్యముఖి కాయ కిలో బరువు దగ్గర ఉంటుంది, అర్క చందన్ రెండు మూడు కిలోలు తూగుతుంది. సూపర్ మార్కెట్లలో అప్పుడప్పుడు కనిపించే సీసా ఆకారపు బటర్‌నట్ కూడా అర్క చందన్ జాతిదే, కుకుర్బిటా మోస్కాటా. మోస్కాటా కండకు నీరు తక్కువ, పీచు తక్కువ. నెమ్మది వంటకు అదే మేలు.

వండే ముందు ఒక చిన్న పచ్చి ముక్క నాలుక మీద పెట్టుకుని చూడటం మంచిది. చేదు తగిలితే ఆ కాయ మొత్తం పారేయాలి. కుకుర్బిటాసిన్ అనే పదార్థం వల్ల వచ్చే చేదు అది, ఉడికించినా పోదు, తింటే వాంతులు, విరేచనాలు అవుతాయి. దుకాణంలో కొన్న కాయలో ఇది అరుదు. పెరట్లో దానంతటదే మొలిచిన పాదు కాయల్లో రావచ్చు.

ఇక పండు. 2022 ఏప్రిల్ 4న జిల్లాలు విడిపోయి తిరుపతి ఒక జిల్లా, చిత్తూరు ఒక జిల్లా అయ్యాయి గానీ మామిడి తోటలకు ఆ గీత కనిపించదు. బయట తోతాపురి అని పిలిచే కాయకు ఇక్కడ పేరు బెంగుళూరా. చిత్తూరు చుట్టుపక్కల గుజ్జు ఫ్యాక్టరీలన్నీ ప్రధానంగా దీని మీదే నడుస్తాయి. 2025లో దీని ధర ఎంతగా పడిపోయిందంటే, ఫ్యాక్టరీలు కిలోకు 8 రూపాయలు, ప్రభుత్వం 4 రూపాయలు కలిపి రైతుకు 12 రూపాయలు అందేట్టు ప్రభుత్వం నిర్ణయించాల్సి వచ్చింది. పండుగా తినడానికి బేనీషా (బంగినపల్లి) ముందు, ఇమాంపసంద్ ముందు బెంగుళూరా దిగదుడుపే. తీపి తక్కువ, వాసన తక్కువ. వంటకు మాత్రం దాన్ని మించింది లేదు. కండ గట్టిది, దోరగా ఉన్నప్పుడు ఉప్పూకారం అద్దుకుని తినే కాయ ఎలా కరకరమంటుందో అందరికీ తెలుసు. అదే గట్టిదనం వేడిలోనూ కాసేపు నిలుస్తుంది. బేనీషా ముక్క స్లో కుక్కర్లో పావుగంటకే రసమైపోతుంది. పైగా దాని పరిమళం తేలిగ్గా ఆవిరయ్యే రకం, గంట ఉడికితే డబ్బా జ్యూస్ వాసన వస్తుంది. బోలెడు డబ్బు పోసి కొన్న ఇమాంపసంద్‌ను కుక్కర్లో వేయడం కంటే పాపం ఇంకోటి లేదు.

మామిడి కాలం మే నుంచి జూలై దాకా. చివర్లో వచ్చే నీలం కూడా ఇందులోకి బాగుంటుంది, తీపి ఎక్కువ కాబట్టి చింతపండు కాస్త తోడు పడాలి. సంక్రాంతి రోజుల్లో మామిడి దొరకదు. అప్పుడు జామ ఉంది. దోర జామ గింజలు తీసి వేస్తే యాపిల్ చేసే పని దాదాపు చేస్తుంది, వాసన యాపిల్ కంటే ఎక్కువే ఇస్తుంది. జామకూ యాపిల్‌కూ పులుపు తక్కువ, కండ గట్టిది కాబట్టి వీటిని గుమ్మడి సగం ఉడికాక వేయొచ్చు. ఎండుద్రాక్ష, ఖర్జూరం మొదట్లోనే వేసినా నష్టం లేదు, గుమ్మడి వదిలే నీళ్ళను అవి పీల్చుకుని ఉబ్బుతాయి. అనాస పుల్లటిది, మామిడి వరసలోనే చివర్లో పడాలి. సీతాఫలం, సపోటా, అరటి వంటివి ఈ గిన్నె దగ్గరికి రాకపోతే మంచిది.

మూడున్నర లీటర్ల కుక్కర్‌కు సరిపడే పులుసు ఇలా కుదురుతుంది. చెక్కు తీసిన గుమ్మడి ముక్కలు కిలో, ఒక్కొక్కటి అంగుళంన్నర. ఇంతకంటే చిన్నవి కోస్తే తర్వాత నిలవవు. దోరమాగిన బెంగుళూరా ఒకటి, మూడు వందల గ్రాములది. చిన్న ఉల్లిపాయలు గుప్పెడు, పచ్చిమిర్చి నాలుగు, పసుపు, ఉప్పు, బెల్లం యాభై గ్రాములు. కుక్కర్‌ను హైలో పెట్టి, గిన్నెలో వేడినీళ్ళు ఒక గ్లాసు పోయాలి. పింగాణీ గిన్నె ఫ్రిజ్‌లోంచి తీసిందైతే మాత్రం పోయకూడదు, చిట్లుతుంది. గుమ్మడి ముక్కలు అడుగున, గోడలకు ఆనుకునేట్టు పరచాలి. వేడి వచ్చేది గోడల నుంచే, మధ్యలో కుప్పగా పోసిన ముక్కలు ఆలస్యంగా ఉడుకుతాయి. ఉప్పు, పసుపు, ఉల్లిపాయలు, మిర్చి ఇప్పుడే. ఉప్పు ముక్కను గట్టిపరచదు, పైగా మెత్తబడటానికి కాస్త సాయం చేస్తుంది. నీళ్ళు ఒక గ్లాసేనా అని భయపడనక్కర్లేదు. గుమ్మడిలో దాదాపు తొంభై శాతం నీరే, మూత వేసిన స్లో కుక్కర్లోంచి ఆవిరి పెద్దగా పోదు. స్టవ్ అలవాటుతో మూడు గ్లాసులు పోసినవాళ్ళకు చివరికి దక్కేది చారు.

గంటన్నర దాకా మూత తీయకూడదు. మూత తీసిన ప్రతిసారీ పోయిన వేడి మళ్ళీ చేరుకోవడానికి ఇరవై నిమిషాలు, అరగంట పడుతుంది. గాజు మూత ఇచ్చింది చూడటానికే, ఎత్తడానికి కాదు. గంటన్నర తర్వాత ఒకసారి చాకు మొన గుచ్చి చూడాలి. కాయను బట్టి ఇది రెండు గంటలు, కొన్నిటికి రెండున్నర కూడా కావచ్చు. చాకు ముక్క మధ్య దాకా దిగి, బయటికి తీసేటప్పుడు ముక్క దానితో పాటు లేవకుండా జారిపోతే అదీ సమయం. అప్పుడు మామిడి ముక్కలు, తురిమిన బెల్లం, మామిడి తీపిదైతే నిమ్మకాయలో సగమంత చింతపండు పులుసు. కలపకుండా, గిన్నెను గుడ్డతో పట్టుకుని అటూఇటూ కాస్త తిప్పితే చాలు. మీటను లోకి తిప్పి ముప్పావుగంట. చిక్కగా కావాలనుకుంటే రెండు చెంచాల బియ్యప్పిండి నీళ్ళలో కలిపి ఈ దశలో పోయొచ్చు. ఆ తర్వాత వార్మ్, అంటే వండకుండా వేడిగా మాత్రమే ఉంచే మీట.

స్లో కుక్కర్లో వంద డిగ్రీలు దాటని వేడి వల్ల ఏ ముక్కా ఎర్రగా వేగదు. వేపుడు వాసన, మాడిన అంచు రుచి ఇందులో వెతికితే దొరకవు. ఆ లోటు తీర్చేది తిరగమాత. ఆవాలు, మెంతులు నాలుగు, ఎండుమిర్చి, ఇంగువ, కరివేపాకు నూనెలో వేగించి, చుట్టాలు గేటు తీస్తుండగా గిన్నెలో పోయాలి. ముందే పోసి మూడు గంటలు మూత కింద ఉంచితే కరివేపాకు నల్లబడి, ఇంగువ ఒక్కటే మిగులుతుంది. తీపి పద్ధతిలో చేస్తే, అంటే గుమ్మడి, జామ లేదా యాపిల్, ఖర్జూరం, నెయ్యి, యాలకులతో, కొబ్బరిపాలు కూడా ఇలాగే చివర్లో. పులుపు తగిలిన గిన్నెలో మొదటే పోసిన పాలైనా కొబ్బరిపాలైనా విరిగిపోతాయి.

మరి దాలి ఉండగా ఇంత కథ ఎందుకని అడిగేవాళ్ళుంటారు. అడగాల్సిందే. పిడకల నిప్పు మీద కుండతో పాలు పెడితే పొద్దున్నుంచి సాయంత్రం దాకా మీగడ కట్టుకుంటూ కాగేవి, ఎవరూ కలిపే పని లేదు. పలమనేరు మట్టి పాత్రలు ఇప్పటికీ దొరుకుతున్నాయి, మందపాటి మట్టి గిన్నెను సన్నని మంట మీద పెడితే ఇదే వంట చక్కగా వస్తుంది. అయితే ఇంట్లో మనిషి ఉండాలి. స్లో కుక్కర్ పుట్టిందే మనిషి లేని వంట కోసం. దానికి పేటెంట్ తీసుకున్న ఇర్వింగ్ నాక్సన్ అనే అమెరికన్ ఇంజినీరుకు ఆ ఆలోచన ఇచ్చింది వాళ్ళమ్మ చెప్పిన కథ. లిథువేనియాలో వాళ్ళ ఊళ్ళో యూదులు విశ్రాంతి దినాన నిప్పు ముట్టించరు కాబట్టి, ముందు సాయంత్రమే గింజల కూర కుండను బేకరీ పొయ్యిలో పెట్టేవారు, ఆరిపోతున్న పొయ్యి వేడికి అది రాత్రంతా ఉడికేది. పేటెంట్ 1940లో వచ్చింది. 1970లో ఆ వ్యాపారాన్ని రైవల్ కంపెనీ కొని, మరుసటి ఏడాది క్రాక్ పాట్ పేరుతో అమ్మింది. అంటే అదీ ఒక దాలి కథే.

గింజల మాట వచ్చింది కాబట్టి ఒక హెచ్చరిక. ఈ పులుసులో రాజ్మా కలుపుదామనిపిస్తే నానబెట్టి, విడిగా పది నిమిషాలు బాగా తెర్లించి, మెత్తగా ఉడికాకే వేయాలి. స్లో కుక్కర్ వేడి రాజ్మాలోని విషపదార్థాన్ని పూర్తిగా చంపకపోవచ్చు.

వార్మ్ మీట గురించి కూడా కొంత తెలియాలి. వండిన ఆహారం 60 డిగ్రీలకు పైన ఉన్నంతసేపు సూక్ష్మజీవుల బెడద లేదు, స్లో కుక్కర్ వార్మ్ ఆ హద్దుకు పైనే ఉంచుతుంది. ఈ పులుసు అక్కడ నాలుగు గంటలు బాగానే నిలుస్తుంది. ఆ తర్వాత పాడవదు గానీ మామిడి పూర్తిగా కరుగుతుంది, గుమ్మడి అంచులు అరుగుతాయి. వార్మ్‌లో పచ్చి ముక్కలు పెట్టి ఉడికిద్దామంటే మాత్రం కుదరదు, అది వండే వేడి కాదు. రైస్ కుక్కర్ వార్మ్ కూడా అంతే. స్లో కుక్కర్ లేదు కదా అని రైస్ కుక్కర్ వార్మ్‌లో గుమ్మడి ముక్కలు పొద్దున్నించి ఉంచితే, పైన చెప్పిన ఎంజైమ్‌కు రోజంతా పండగే.

కరెంటు పోయే మాట మరవకూడదు. ఉడుకుతుండగా పోతే పింగాణీ గిన్నె వేడిని గంట దాకా పట్టి ఉంచుతుంది, మూత తీయకుండా ఉంటే చాలు. కరెంటు వచ్చాక దానంతటదే మొదలయ్యే కుక్కర్లు మీట తిప్పేవి. బటన్లు, డిజిటల్ అంకెలున్న రకాలు చాలావరకు ఆగిపోయి ఉంటాయి. ఇంట్లో ఎవరూ లేకుండా పెట్టి వెళ్ళేవాళ్ళకు తిప్పే మీటదే నయం, కాకపోతే దానికి కరెంటు ఎంతసేపు పోయిందో చెప్పే గుణం లేదు. సగం ఉడికిన గిన్నె రెండు గంటలకు పైగా చల్లబడి ఉందని తెలిస్తే పారబోయడమే మేలు.

మిగిలిన పులుసును చల్లార్చి, పింగాణీ గిన్నెలోంచి తీసి వేరే గిన్నెలో ఫ్రిజ్‌లో పెట్టాలి. మర్నాడు దాన్ని మళ్ళీ స్లో కుక్కర్లో వేడి చేయకూడదు, గోరువెచ్చటి దశలో అది గంటలు గడుపుతుంది. స్టవ్ మీద ఒక పొంగు రానిస్తే సరి. ముక్కలు అప్పటికి సగం చిదికి ఉంటాయి, పులుసు చిక్కబడి ఉంటుంది. వేడి సంగటిలోకి మొదటి రోజు దానికంటే ఇదే బాగుంటుందనేవాళ్ళు ఉన్నారు.